చావు కాగితం మీద పేరు

నటి దరింకా పోయిందన్న కాగితాన్ని బెల్‌గ్రేడ్‌లో ఆమె ఇంటి గుమ్మానికి అంటించారు. నల్ల అంచు, వయసులో ఉన్నప్పటి ఫొటో, అడుగున దుఃఖిస్తున్నవాళ్ల పేర్లు. అందులో మొదటి పేరు దర్శకుడు రతిబోర్‌ది. నాకు ఒళ్లు మండింది.

ఒక్క సీను కోసం నడి జనవరిలో ఆమెను పదకొండుసార్లు డాన్యూబ్ నదిలోకి దింపినవాడు అతనే. ఆమె ఊపిరితిత్తులు మళ్లీ కోలుకోలేదు. ఆమె మరో సినిమా చేయలేదు.

అంతలో అతనే కొవ్వొత్తులు పట్టుకుని వచ్చాడు. కాగితం పీకి అతని ముందు పెట్టాను.

"చంపినవాడివి నువ్వు. ఏ మొహం పెట్టుకుని ఇందులో పేరు వేయించుకున్నావు?"

"నేను వేయించుకోలేదయ్యా. ఈ పేర్లన్నీ తనే రాసిపెట్టి పోయింది. ఏటా జనవరిలో క్షమించమని అడగడానికి వచ్చేవాణ్ణి. ఇరవై ఏళ్లు తలుపు తియ్యలేదు. ఆ తర్వాత ఓ ఏడాది తలుపు తీసి కాఫీ ఇచ్చింది."

"మరి నా పేరేది? ఆమెను ఆకాశానికెత్తి రాసిన విమర్శకుణ్ణి నేనొక్కణ్ణే కదా."

"నేనూ అదే అడిగాను. నీ వ్యాసం తీసి చూపించింది."

ఆ వ్యాసం నాకిప్పటికీ కంఠతా వచ్చు. చలిని అంత సహజంగా నటించిన తార మరొకరు లేరని రాశాను. ఆ పదకొండుసార్లూ ఓవర్‌కోటు వేసుకుని ఒడ్డున నిలబడి చూసి, ఇంటికెళ్లి రాశాను.