ఒక అదనపు ఎస్

టైపిస్టు మూడోసారి పెట్టుకున్న బదిలీ దరఖాస్తును సూపరింటెండెంటు గారు మూడోసారీ తిప్పి పంపారు. అందులో దిద్దడానికి ఒక్క తప్పూ దొరకనందువల్ల, ఆయన గత్యంతరం లేక విషయమంతా చదివి, కుదరదని తేల్చారు.

"ఈయనతో ఒకే గదిలో ఇంకొక్క నెల నావల్ల కాదక్కా," అంది టైపిస్టు ఏడుపు గొంతుతో.

"పిచ్చిదానా, ఫర్నిచర్ చివర ఒక ఎస్ తగిలించు," అంది పెద్ద గుమస్తా. "దాన్ని కొట్టేసి మురిసిపోతాడు, మిగతాది చదవడు. ఇరవయ్యేళ్ళుగా ఈ ఆఫీసు నడుస్తున్నదే అలా!"

"తెలిసి తెలిసి తప్పు రాయాలా?"

"సరే, కూర్చో ఇక్కడే."

నాలుగో కాగితంలో ఫర్నిచర్స్, ఇన్ఫర్మేషన్స్, అడ్వైసెస్ యథోచితంగా చోటుచేసుకున్నాయి. సూపరింటెండెంటు గారు ఎర్ర సిరాతో మూడు ఎస్‌లనూ కొట్టేశారు.

"ఇవి లెక్కపెట్టేవా అమ్మాయ్? బహువచనం ఎక్కణ్ణించి వస్తుంది? ఎన్నిసార్లు మొత్తుకోను!" అని పరమానందంగా కసిరి, కింద సంతకం చేశారు.

వారం తిరగకముందే పై కార్యాలయం నుంచి ఉత్తర్వు వచ్చింది. సూపరింటెండెంటు గారు స్వహస్తాలతో దిద్ది, సంతకం చేసి తమ పేరిటే పంపుకున్న బదిలీ విన్నపాన్ని మన్నించి, వారినే వేరే ఊరి శాఖకు బదిలీ చేయడమైనది.