చెక్కని గుర్తు

మద్దిచెట్టు తొర్రలో ఓ చిలక ఉండేది. ఎవరేమడిగినా టకీమని చెప్పేది, ఎవరికి చెప్పిందో మరుక్షణం మరిచిపోయేది. అందుకే అడవంతా కలిసి వడ్రంగిపిట్టకో పని అప్పగించింది. చిలక దగ్గరికి ఎవరొచ్చినా సరే, వాళ్ళ కాలి గుర్తు మాను మీద చెక్కాలి.

ఓ రోజు పూరేడుపిట్ట గూట్లో గుడ్లు పోయాయి. గూడెక్కడో చిలకనే అడిగి ఉంటారని చూస్తే, ఆ రోజు మాను మీద ఉన్నది ముంగిస గుర్తొక్కటే.

"నేనడిగింది ఊటనీళ్ళ దారి, అంతే!" అని ముంగిస ఎంత మొత్తుకున్నా ఎవరూ వినలేదు. అడవి విడిచి పొమ్మన్నారు.

"అన్నా, నీ గుర్తుల మీదే మా నమ్మకం. ఇంకెవరూ రాలేదు కదా?" అంది పూరేడు వడ్రంగిపిట్టతో.

పూరేడు గూడెక్కడని ఊసుపోక చిలకనడిగింది వడ్రంగిపిట్టే. ఆ సంగతి గుడ్లు తినే కాకి దగ్గర వాగేసిందీ తనే. చెక్కేది నేనే, నాకు గుర్తెందుకులే అని అప్పుడు అనుకుంది.

తలెత్తకుండా వెళ్ళి, ముంగిస గుర్తు పక్కన తన గుర్తు చెక్కింది.

పూరేడు దాన్ని చూసింది. ఏడవలేదు, తిట్టలేదు.

"ఇలా చెక్కనివి ఇంకెన్ని ఉన్నాయన్నా?" అంది.

వడ్రంగిపిట్ట మళ్ళీ మాను వైపు తిరిగింది. పొద్దు వాలేదాకా ముక్కు చప్పుడు ఆగలేదు.