ఈగ వాలని చేప

"విసరకు! ఆ ఈగల్ని అలాగే ఉండనీ," అంది ఫుడ్ ఇన్‌స్పెక్టర్ మేడం.

నందిగామ చేపల మార్కెట్లో ప్రేమకుమారి చేతిలోని విసనకర్ర ఆగిపోయింది. ఆమె చెరువు చేపల మీద ఈగలు జుయ్యిమని ముసిరాయి. ఇక లైసెన్సు పోయినట్టే అనుకుంది.

"పొద్దుట్నుంచీ కడుగుతూనే ఉన్నానండీ. కేసు రాయకండి మేడం."

"నీ మీద కాదమ్మా. ఆ పక్క బల్ల మీద ఒక్క ఈగైనా వాలిందా?"

పక్క బల్ల రత్నబాబుది. బందరు నుంచి వచ్చిన సముద్రపు చేపలు దాని మీద తళతళలాడుతున్నాయి. మేడం ఒక చేపకు పరీక్ష కాగితం ముక్క అద్దింది. అది రంగు మారింది.

"శవాలు కుళ్లకుండా వాడే మందు దీనికి పట్టించారు. ఈగకి తెలిసింది, మనకే తెలీలేదు."

హమ్మయ్య అనుకున్న ప్రేమకుమారికి అంతలోనే కూతురు గుర్తొచ్చింది. బాలింతకు పాలు పడతాయని, ఈగల్లేని బల్ల కదా అని, తెల్లారగానే అక్కడ పాలసొర చేప కొని కూతురికి పంపింది.

వెంటనే ఫోన్ చేసింది.

"మెర్లీ, ఆ కూర తినకే!"

"ఎప్పుడో తిన్నా. మెల్లగా మాట్లాడమ్మా," అంది మెర్లిన్ గుసగుసగా. "పాప పాలు తాగుతోంది."