కుడి బూటు

బంతి స్తంభానికి తగిలి వెనక్కి వచ్చింది. ఆ పొద్దున అది ఐదోసారి.

నిరుపమ పళ్ళు బిగించింది.

రగ్బీ స్తంభాల వెనక నుంచి, కొన్నాళ్ళుగా రోజూ అక్కడ కనిపించే ముసలాయన బంతి పట్టుకుని వచ్చాడు. న్యూజిలాండ్‌లోని హామిల్టన్‌లో జూలై అంటే నడి చలికాలం, గడ్డి మీద తెల్లగా మంచు. ఆయన కాళ్ళకు ఏమీ లేవు.

"బూటు విప్పి తన్ను," అన్నాడు.

"ఈ చలిలోనా?"

"బంతి నీ పాదానికి ఎక్కడ తగులుతోందో నీకు తెలియడం లేదు. వట్టి కాలికైతే తెలుస్తుంది."

"మీకు అమెరికన్ ఫుట్‌బాల్ తెలుసా?"

"కొంచెం."

కొంచెం తెలిసినవాళ్ళే సలహాలు ఎక్కువ ఇస్తారని నిరుపమ అభిప్రాయం. థాంక్స్ చెప్పి, లేసు ఇంకా బిగించి కట్టుకుంది.

అనంతపురంలో పదేళ్ళు ఫుట్‌బాల్ ఆడిన కాలు అది. చదువుకోవడానికి ఇక్కడికి వచ్చి, ఉద్యోగంలో కుదురుకున్నాక, ఈ కోడిగుడ్డులాంటి బంతి మీద మనసు పడింది. పరుగులు తీయడం, గుద్దుకోవడం జట్టులో మిగతావాళ్ళ పని. రెండు స్తంభాల మధ్య నుంచి బంతిని తన్నడం ఒక్కటే ఆమె పని.

శనివారం ఆక్లాండ్‌లో న్యూజిలాండ్ జట్టుకు సెలెక్షన్. ముప్పై ఐదు గజాల నుంచి తన్నాలి. పోయినేడాది అక్కడే తప్పి, దారి పొడుగునా ఏడుస్తూ డ్రైవ్ చేసుకుంటూ వచ్చింది. ఈసారి ఏడవదలుచుకోలేదు.

"ఆ ముసలాయన ఈ పొద్దు కూడా వచ్చినాడే," అంది ఫ్లాట్‌కి వచ్చి. "నన్ను బూటు ఇప్పమంటాడు."

ఫ్లాట్‌మేట్ ఉషశ్రీ గుంటూరు పిల్ల. దోసె తిరగేస్తూ నవ్వింది.

"ఆయనకే చెప్పుల్లేవంటివిగా, పాపం! నీ బూట్ల మీద కన్ను పడిందేమోనే."

"ఈడ కివీలు సూపర్‌మార్కెట్‌కి కూడా వట్టికాళ్ళతోనే పోతారు కదే."

"మంచులోనా? అంత ముసలాయనా? లేకే అట్లా తిరుగుతుంటాడు. చెప్పుల దానం చేస్తే బోలెడు పుణ్యమని మా అమ్మమ్మ అనేది. సెలెక్షన్ ముందు చేసెయ్యి, కలిసొస్తుంది."

పుణ్యం మాట ఎలా ఉన్నా, ఎర్రగా కమిలిన ఆ పాదాలు గుర్తొచ్చి నిరుపమ మనసు చివుక్కుమంది. మర్నాడు పొద్దున, ఆయన అటు తిరిగినప్పుడు, మంచులో పడ్డ అడుగును జానతో కొలిచింది. సాయంత్రం షాపులో నాలుగు జతలు కొలిచి, ఒకటి కొంది.

తర్వాతి పొద్దున పెట్టె చేతికిస్తే ముసలాయన మూత తీసి చూశాడు.

"నా సైజు ఎలా తెలిసింది?"

"మంచులో మీ అడుగు కొలిచాను."

ఆయన నవ్వాడు. కళ్ళు మాత్రం తడిశాయి.

"నీ వయసులో నాకు ఒక్క బూటే ఉండేది," అన్నాడు.

ఒక్క బూటేనా! ఎంత లేమిలో పెరిగాడో అనుకుని నిరుపమ ఇంకా కరిగిపోయింది. శనివారం సెలెక్షనుందని చెప్పింది, పేరు అడగాలనుకుంది గాని, ఆఫీసుకు టైమైపోయింది.

శనివారం తన్నడానికి మూడే అవకాశాలు ఇచ్చారు.

మొదటిది ఎడమ పక్కకు పోయింది. రెండోది స్తంభానికి తగిలింది.

"ఇక ఒక్కటే," అన్నాడు కోచ్.

నిరుపమ కూర్చుని కుడి బూటు విప్పింది. మేజోడు కూడా తీసేసింది. ఎవరో కిసుక్కుమన్నారు. నవ్వుకోనీ అనుకుంది.

తన్నింది. చల్లటి తోలు ఎక్కడ తగిలిందో ఈసారి పాదానికి స్పష్టంగా తెలిసింది. బంతి రెండు స్తంభాల నట్టనడుమ నుంచి పోయింది.

"గాలివాటమేమో! మళ్ళీ తన్ను," అన్నాడు కోచ్.

మళ్ళీ నడుమ నుంచే పోయింది. నాలుగుసార్లు తన్నించాడు, నాలుగూ పోయాయి. జట్టులోకి పేరు రాసుకున్నాడు.

సోమవారం పొద్దున నిరుపమ స్వీట్ల డబ్బాతో గ్రౌండుకు వెళ్ళింది. ముసలాయన రాలేదు. మంగళవారం, బుధవారం కూడా రాలేదు.

గురువారం ఒక నడివయసు ఆవిడ వచ్చింది. చేతిలో అదే బూట్ల పెట్టె.

"మంచులో మా నాన్న అడుగు కొలిచింది నువ్వేనా?"

"ఆయనేరీ?"

"ఆదివారం నిద్రలోనే పోయారు."

నిరుపమ చేతిలోని బంతిని గడ్డి మీద పెట్టింది.

"శనివారమంతా నీ కబురు కోసమే ఫోన్ పట్టుకుని కూర్చున్నారు. వట్టికాలితో తన్నిన అమ్మాయి అని ఎవరో వీడియో పెట్టారు. అది చూసి ఇల్లు ఎగిరిపోయేలా అరిచారు."

నిరుపమ పెట్టె అందుకుని తెరిచింది. ఎడమ బూటు నిండా బురద. కుడి బూటులో షాపువాళ్ళు కుక్కిన కాగితం అలాగే ఉంది.

"కుడిది... సరిపోలేదా?" అంది.

ఆవిడ ఆ బూట్ల కింద నుంచి ఒక పాత ఫోటో తీసి ఇచ్చింది.

కిక్కిరిసిన స్టేడియం. కురుస్తున్న మంచు. హెల్మెట్ పెట్టుకున్న కుర్రవాడు, గాలిలో బంతి. ఎడమ కాలికి బూటుంది, కుడి కాలు వట్టిది.

"అమెరికాలో ప్రొఫెషనల్ కిక్కర్‌గా నాన్న ఆడింది రెండే సీజన్లు, అక్కడెవరికీ గుర్తు కూడా లేదు," అందావిడ. "ఆ రెండేళ్ళూ ఆయన కుడి కాలికి బూటు వేయలేదు."