రత్న మొక్కు

సిడ్నీ శివారు టూంగాబీలో దిగిన వారానికే శారదాంబకి ఇండోనేషియా సీరియల్ పిచ్చి పట్టుకుంది.

కొడుకు అఖిల్ ఇంట్లో ఓ గది అద్దెకి తీసుకుందట రత్న, జకార్తా పిల్ల. సాయంత్రమయ్యేసరికి వాళ్ల సీరియల్ పెట్టేది. పక్కన శారదాంబ చేరేది. భాష రాకపోతేనేం? అత్త కళ్లెర్రజేస్తే మూడుసార్లు ఉరుము. మెట్ల మీంచి దొర్లితే చాలు, హీరోయిన్‌కి గతం గుర్తుండదు. ఇవన్నీ తెనాలిలో చూసినవేగా.

"పైగా సగం మన మాటలేరా," అని కొడుకు దగ్గర గొప్పలు పోయింది. "ఎంత కష్టమొచ్చినా ఆ హీరోయిన్ 'స్వామి, సాయి' అనే ఏడుస్తుంది. ఏం భక్తిరా బాబూ."

అఖిల్‌కి పొలమారింది.

రత్నకీ అదే భక్తి. ఫోన్లో ఎవరితో మాట్లాడినా నాలుగు మాటలకోసారి స్వామి, సాయి. ముచ్చటేసి శారదాంబ తన పెట్టెలోని బాబా పటం తీసిచ్చింది. ఆ పిల్ల తెల్లబోయి, రెండు చేతులా అందుకుని, ఫ్రిజ్ మీద పెట్టుకుంది.

శారదాంబ వచ్చింది మాత్రం సీరియళ్ల కోసం కాదు. ముప్పై నాలుగేళ్లొచ్చినా పెళ్లి మాటెత్తితే కొడుకు జారుకుంటున్నాడు. ఈసారి వాడి మెడలు వంచందే తిరుగు విమానం ఎక్కేది లేదని ఆవిడ పంతం. వెతకబోయిన తీగ కాలికి తగిలినట్టు పక్కనే గిరావీన్‌లో సంబంధం దొరికింది. నీలిమ, సిడ్నీలో పుట్టి పెరిగిన పిల్ల. ఆదివారం కాఫీకి పిలిచేసింది.

ఆ కబురు వినగానే రత్న మొహం వాడిపోయింది. పాపం, పరాయి పిల్లకి కూడా మావాడి మీద ఎంత ఆదుర్దా అనుకుంది శారదాంబ.

ఆదివారం నీలిమ రానే వచ్చింది. అఖిల్ తలెత్తితే ఒట్టు. ఇంతలో వంటింట్లో రత్న ఎవరికో ఫోన్ చేసి వెక్కి వెక్కి ఏడుస్తోంది.

"సువామి సాయా... అఖిల్... సువామి సాయా..."

శారదాంబ కళ్లు చెమర్చాయి. "విన్నావా తల్లీ? మీ సంబంధం కుదరాలని వాడి పేరు చెప్పి మరీ మొక్కుతోంది."

నీలిమ చెవి ఒగ్గి వింది. ఇక్కడి పిల్లలు చాలామందిలాగే స్కూల్లో ఇండోనేషియన్ చదువుకుంది. కాఫీ కప్పు మెల్లగా బల్ల మీద పెట్టింది.

"సారీ ఆంటీ, 'సువామి సాయా' అంటే వాళ్ల భాషలో 'మా ఆయన' అని."