డెబ్భై నాలుగో నంబరు

"మెడ ఎలా ఉంది?"

పొయ్యి మీద సాసేజ్‌లు తిప్పుతున్న గ్యారెట్ తలెత్తి చూశాడు.

ఎదురుగా ఓ బక్కచిక్కిన ముసలాయన. ఎవరి కోటో తొడుక్కున్నట్టు భుజాల మీంచి జారిపోతోంది.

"బాగానే ఉంది. మీరెవరు?"

ముసలాయన నవ్వేశాడు. చుట్టూ తిరిగొచ్చి గ్యారెట్‌కి ఎడమ పక్కన నిలబడ్డాడు.

"నీ అభిమానేలే. ఓ సాసేజ్ పెట్టి సాగనంపు," అన్నాడు స్నేహితుడు ఎర్ల్.

ఆదివారం అమెరికన్ ఫుట్‌బాల్ ఆట ఉందంటే, స్టేడియం బయట కార్ల మధ్య పొయ్యి వెలిగించనివాడు ఆ ఊళ్లో మనిషి కింద లెక్క కాదు. అందులోనూ ఈ రోజు ఆట విరామంలో, ఒకప్పుడు ఫైనల్ దాకా వెళ్లిన పాత జట్టుకి సన్మానం. గ్యారెట్ ఆ జట్టులో బంతి విసిరే క్వార్టర్‌బ్యాక్. సన్మానానికి రమ్మంటే ఒకే ఒక్క షరతు పెట్టాడు.

"వెండెల్ మైదానంలో అడుగు పెడితే నేను పెట్టను."

క్వార్టర్‌బ్యాక్ లేకుండా సన్మానమేమిటి? అందరినీ పిలిచి వెండెల్‌ని వదిలేశారు.

అయినా గ్యారెట్‌కి అనుమానం తీరలేదు. మాటిమాటికీ రోడ్డు వైపు చూస్తున్నాడు.

"సిగ్గులేనోడు, వచ్చినా వస్తాడు."

"వస్తే తెలీదేంటి?" అన్నాడు ఎర్ల్. "మూడు వందల పౌండ్ల శాల్తీ. అర మైలు దూరం నుంచే కనబడతాడు."

"మెడ ఎలా ఉంది?" ముసలాయన మళ్లీ అడిగాడు.

గ్యారెట్ చేతిలో పటకారు ఆగింది.

మెడ సంగతి అప్పట్లో ఎవరికీ తెలియదు. ఫైనల్‌కి ముందు వారం దెబ్బ తగిలింది. చెబితే ఆడనివ్వరని కట్టుకున్న భార్యకి కూడా చెప్పలేదు. ఆట అయిపోయిన రెండు నెలలకి ఎక్స్‌రే తీస్తే ఎముక చిట్లి ఉంది. ఇంకొక్క దెబ్బ తగిలితే జన్మంతా చక్రాల కుర్చీయేనన్నాడు డాక్టరు. దేవుడు కాపాడాడనుకుని గ్యారెట్ గుట్టుచప్పుడు కాకుండా ఆట మానేశాడు.

మరి ఈయనకెలా తెలిసింది?

"ఆస్పత్రిలో పనిచేశారా?"

"ఏమో."

"పేపర్లో రాసేవారా?"

"ఏమో బాబూ," ముసలాయన కూడా అయోమయంగానే అన్నాడు.

గ్యారెట్ బన్నుల కోసం ఇటు తిరిగాడు. ముసలాయన మళ్లీ నడిచొచ్చి ఎడమ పక్కకే చేరాడు. గ్యారెట్ అటు తిరిగాడు. ఆయనా అంతే.

"పెళ్లికూతురికి తోడు పెళ్లికూతుర్లా తగులుకున్నాడ్రా నీకు!" ఎర్ల్ పడీ పడీ నవ్వాడు.

గ్యారెట్‌కి కోపం రావాలి. ఎందుకో రాలేదు. ఆయన పక్కన ఉంటే అదోలా నిశ్చింతగా ఉంది.

"పెద్దాయనా, మా ఫైనల్ చూశారా?"

"నువ్వు చెప్పు."

"ఆఖరి పది సెకన్లు. నాలుగు పాయింట్లు వెనకబడ్డాం. నేను విసిరా, మావాడు గీత అవతల పట్టేశాడు. గెలిచేశాం! ఇంతలో తప్పు జరిగిందని రిఫరీ పసుపు గుడ్డ విసిరాడు. నా ఎడమ పక్క కాపలా కాయాల్సిన వెండెల్, ఎదుటివాడి చొక్కా పట్టుకు లాగాట్ట. తప్పు కదా? ఆ స్కోరు రద్దు చేశారు. కప్పు పోయింది."

"అయ్యయ్యో!"

"బంతి విసిరేవాడికి కాపలాగా అడ్డం నిలబడే ఆ లావుపాటోళ్ల పేరు ఎవడూ తలవడు. మైకులో వాళ్ల నంబరు వినబడిందంటే తప్పు చేసినట్టే. ఆ రోజు డెబ్భై నాలుగన్నారు. ఇప్పటికీ నిద్రలో ఉలిక్కిపడతా."

"అంత పని చేశాడా?" ముసలాయన కళ్లలో నీళ్లు తిరిగాయి.

"ఎందుకు లాగావురా అని నిలదీశా. చెయ్యి జారిందన్నాడు. అంతే."

"అలాంటివాణ్ణి రానివ్వకూడదు," ముసలాయన తేల్చేశాడు.

"అదీ మాట!"

గ్యారెట్ ఆనందంగా ఇంకో సాసేజ్ వేశాడు.

అంతలో ఒకావిడ కార్ల మధ్య నుంచి రొప్పుతూ వచ్చింది.

"ఇక్కడున్నావా? కారు తాళం వేసేలోపు మాయమైపోతే ఎలా?" అంటూ ముసలాయన చెయ్యి పట్టుకుంది. పక్కనున్నది ఎవరో చూసి ఆమె మొహం గట్టిపడింది.

"మీ ఆయనా అమ్మా? మంచి మనిషి," అన్నాడు గ్యారెట్. "కానీ మెడ మెడ అని చంపుతున్నాడు. నా సంగతి ఈయనకెలా తెలుసు?"

"ఇప్పుడు ఈయనకేమీ తెలీదు గ్యారెట్. సొంత పేరే తెలీదు. తలకి అన్ని దెబ్బలు తగిలాయి మరి. నన్నే ఒక్కోరోజు 'ఎవరమ్మా నువ్వు' అంటాడు."

"దెబ్బలేంటి?"

"పోల్చుకోలేకపోయావు కదూ? ఆడే రోజుల్లో పూటకి డజను గుడ్లు కుక్కి పెంచిన ఒళ్లు. మానేశాక కరిగిపోయింది."

గ్యారెట్ వంగి ముసలాయన మొహంలోకి చూశాడు.

"వెండెల్?"

ఎవరిని పిలుస్తున్నాడా అని ముసలాయన వెనక్కి తిరిగి చూశాడు.

"నువ్వు క్షమిస్తానన్నా, క్షమించమన్నా ఇక ఈయనకి ఎక్కదు," అందామె, భర్త కోటు గుండీలు పెడుతూ. "ఆ రోజు నువ్వు ఎడమవైపు తల తిప్పలేకపోతున్నావని ఈయనొక్కడే కనిపెట్టాడు, తనని దాటేసినవాడు నీ మెడ మీద పడబోతుంటే చొక్కా పట్టుకు లాగాడు, ఎందుకని చెబితే నువ్వు దాచిన దెబ్బ బయటపడుతుందని ఇరవై ఆరేళ్లు ఊరందరి చేతా తిట్లు తిన్నాడు."