దించేటప్పుడు

"ఒకటి... రెండు... మూ..." అనేలోపే సింధుజ చేతుల్లోంచి బిందె జారి, నీళ్లన్నీ వాకిట్లో పారాయి.

నెత్తిన ఇంకో బిందెతో అప్పుడే వచ్చిన వాళ్ల అవ్వ పోసవ్వ ఆగి చూసింది.

"ఏందే గిది? పొద్దెక్కినంక వాకిలి జల్లుతున్నవా?"

"వచ్చే వారం కానిస్టేబుల్ సెలక్షన్లల ఇనుప గుండు విసరాలె అవ్వా. బరువు ఎత్తుడు కంటె మెల్లగ దించుడుతోనే కండలకు బలమొస్తదని బాన్సువాడల కోచింగ్ సార్ చెప్పిండు. ఐదు లెక్కపెట్టేదాంక దించాలె."

"ఎందాంక వచ్చినవ్?"

"రెండున్నర."

పోసవ్వ పకపకా నవ్వింది. నెత్తిమీది బిందెను రెండు చేతులా పట్టి, మెల్లగా వంగుతూ, చుక్క తొణకకుండా నేలకు దించింది. సింధుజ లోలోపల లెక్కపెట్టింది. ఎనిమిది!

"నీకెట్ల చేతనైతదవ్వా?"

"బోరింగుకాడ ఎత్తనీకె ఎవలన్న ఓ చెయ్యేస్తరు బిడ్డా. ఇంటికాడ దించనీకె ఎవలుంటరు?"

సింధుజ ఉంటుంది. పదేళ్లుగా ఇదే అరుగు మీద, అవ్వ రావడం కనబడగానే పుస్తకంలో తల దూర్చి మరీ ఉంటుంది.

అంటే, ఇన్నేళ్లూ అవ్వకు శిక్షణ ఇచ్చిన సారు తానేనన్నమాట.

ఖాళీ బిందె చంకన పెట్టుకుని ఆ సారు బోరింగు దారి పట్టింది.